ఆరు పేర్లకు ఒక్క వేలు

ఆ శనివారం మధ్యాహ్నం ఆత్మకూరు బజారు వీధిలో, కోదండరామయ్య ఇంట్లో ఆరుగురు ఉన్నారు. ఇంటి యజమాని, చీటీ నడిపే శెట్టి కోదండరామయ్య. ఆయన భార్య సుబ్బరత్నమ్మ. డెబ్బై నాలుగేళ్ల తల్లి నాగేశ్వరమ్మ. చనిపోయిన తమ్ముడి కూతురు, పదిహేనేళ్ల పద్మావతి. ఉదయగిరి నుంచి పొద్దుటి బస్సుకే వచ్చి దిగిన వకీలు మల్లికార్జునం. ఆయనకు ఎదురుగా, కుర్చీ అంచున కూర్చున్న డిటెక్టివ్ ప్రేమానందం.

బయట అరుగు మీద ఏడో మనిషి ఉంది. శెట్టి గుమాస్తా కామయ్య భార్య రాఘవమ్మ. తెల్లవారినప్పటి నుంచి అక్కడే కూర్చుని ఉంది. ఆమెను ఎవరూ లోపలికి రమ్మనలేదు, లేచి పొమ్మనీ అనలేదు.

చీటీ సంగతి ఊరందరికీ తెలిసిందే. నలభై మంది, నలభై నెలలు, నెలకు తలా ఇరవై అయిదు రూపాయలు. ప్రతి నెలా పదమూడో తేదీన పాట. ఎవరు ఎక్కువ తగ్గించుకుని పాడితే ఆ నెల వసూలైన డబ్బు వాళ్లకు, తగ్గించినది చీటీ ముగిసేదాకా పెట్టెలో నిలవ. రిజిస్టరు లేదు, పత్రం లేదు. శెట్టి మాటే పత్రం. ఫిబ్రవరి యాభై మూడులో మొదలై పందొమ్మిది నెలలు నడిచి, ఈ సెప్టెంబరులో ఠక్కున ఆగిపోయింది. పెట్టెలో ఉన్న నాలుగు వేలు కామయ్య కాజేశాడని శెట్టి ఫిర్యాదు ఇచ్చాడు. పద్నాలుగో తేదీ పొద్దున కామయ్యను పట్టుకుపోయారు. సోమవారం మేజిస్ట్రేటు ముందుకు కేసు వస్తుంది. ఆ లోపల మోసం శెట్టిదని రుజువైతే కామయ్య ఇంటికి వస్తాడు. కాకపోతే జైలుకు పోతాడు.

డబ్బు పోగొట్టుకున్నవాళ్లే మళ్లీ తలా రెండు రూపాయలు వేసుకుని నెల్లూరు నుంచి ప్రేమానందాన్ని పిలిపించుకున్నారు. మద్రాసులో వేలిముద్రల ఆఫీసులో పన్నెండేళ్లు పనిచేసి మానుకున్న మనిషి. సన్నగా, పొడుగ్గా, జ్వరం నుంచి లేచినట్టు ఉంటాడు. చీటీ కాగితాలు శెట్టి ఇంట్లోనే కూర్చుని చూసుకోవచ్చని కోర్టు నుంచి ఆర్డరు తెచ్చుకున్నాడు. అందుకే శెట్టి తలుపు తీశాడు. అందుకే పక్కన వకీలును కూడా కూర్చోబెట్టుకున్నాడు.

పద్మావతి కాఫీ గ్లాసులు పెట్టి స్తంభం పక్కకు జరిగి నిలబడింది. వకీలుకు వెండి గ్లాసు, డిటెక్టివుకు గాజు గ్లాసు. ప్రేమానందం రెండు గ్లాసుల వంకా చూసి, చిన్నగా నవ్వుకుని, తన కాఫీ తాగేశాడు.

పద్మావతికి కొత్తవాళ్ల ముందు నోరు పెగలదు. మూడేళ్ల కిందట నాయన పోయి ఉదయగిరి దగ్గర పల్లె నుంచి ఈ ఇంటికి వచ్చినప్పుడు, నెల రోజులు ఎవరితోనూ మాట్లాడలేదు. అప్పుడు కామయ్యే అంగట్లో పొట్లాలు కట్టే కాగితాల్లోంచి కథలున్నవి ఏరి, మడత పెట్టి, ఆ పిల్లకు దొరికేలా కిటికీలో పెట్టి పోయేవాడు. చదివావా అని కూడా అడిగేవాడు కాదు. ఆ మనిషి పెట్టె తెరిచి నాలుగు వేలు తీశాడంటే ఆమె నమ్మలేదు. నమ్మలేదని ఎవరితోనూ అనలేదు.

"డబ్బు ఆఖరున ఎప్పుడు చూసినారు శెట్టిగారూ?" అని అడిగాడు ప్రేమానందం.

"పదో తేదీ. దీపాలు పెట్టే వేళ. పెట్టె తెరిచి నా చేత్తో లెక్కబెట్టినాను. కామయ్య నా పక్కనే నిలబడి చూసినాడు."

డిటెక్టివు అది రాసుకున్నాడు. తొమ్మిదిన కామయ్య ఎక్కడున్నాడని అడిగాడు. చేజర్లలో వసూళ్లకు పోయాడని శెట్టి చెప్పాడు. పదకొండున, పన్నెండున కూడా అక్కడేనట. పదమూడు పొద్దున పాటకని తెరిచి చూస్తే పెట్టె ఖాళీగా ఉందట. అంటే కామయ్య ఈ ఇంట్లో ఉన్నది పదో తేదీ ఒక్కటే కాబట్టి ఆ రోజు కాక ఇంకే రోజూ చెప్పడానికి వీల్లేదు గదా అని ప్రేమానందం ఎవరితోనో మాట్లాడుతున్నట్టు అన్నాడు.

మంచం మీద వక్క నములుతున్న నాగేశ్వరమ్మ తల ఎత్తింది.

"పదో తేదీ అంటే ఏ వారంరా కోదండం?"

శెట్టి కండువా తీసి మడతపెట్టసాగాడు. "శుక్రవారం, తల్లీ" అన్నాడు డిటెక్టివు.

"శుక్రవారం దీపాలు పెట్టే వేళ ఈ ఇంట్లో పెట్టె తెరిచేదేంది? నేను కాపరానికొచ్చి అరవై రెండేళ్లయింది. మా మామ చచ్చింది శుక్రవారమే. పాడెకు కావాల్సినవాటికి పక్కింట్లో బదులు తెచ్చినారు గానీ పెట్టె మూత ఎత్తలా. లక్ష్మి పోతాదని."

అవ్వ గొంతులో కోపం లేదు, పరువు ఉంది. ఏం మాట్లాడిందో ఆమెకు తెలియలేదు. శెట్టి చేతిలోని కండువా మాత్రం రెండు మడతలు ఎక్కువ పడింది.

మల్లికార్జునం కాళ్లు చాపి కూర్చున్నాడు. "అమ్మకు చెప్పకుండా కొడుకు పెట్టె తెరవడం ఏ సెక్షను కింద నేరమో చెప్పండి ప్రేమానందంగారూ. సోమవారం నేనే ఒప్పిస్తాను."

"నేరం కాదు సార్. ఒక అబద్ధం. ఇంకోటి కూడా ఉంటాదేమో చూసుకుంటాను. కాగితాలున్న గది చూపించండి."

కాగితాలున్నది ఇంటి వెనక కొట్టుగదిలో. కిటికీ లేదు. పట్టపగలే లాంతరు కావాలి. శెట్టి కదల్లేదు. సుబ్బరత్నమ్మ వంటింట్లోంచి బయటికి రాలేదు. చివరికి వకీలే, పాపా నువ్వు పట్టుకో, అని పద్మావతి చేతికి లాంతరు ఇచ్చి, తాను గడప మీద నిలబడ్డాడు.

లోపల బెల్లం బుట్టల వాసన. గోడ పక్కన ఇనప్పెట్టె, దాని తాళం మీద పసుపు కుంకాలు. బల్ల మీద ఎర్రగుడ్డలో కట్టిన కట్ట. ప్రేమానందం కట్ట విప్పకముందు ప్రతి కాగితం మూలనా ఉన్న సంతకాన్ని చూసుకున్నాడు. పదిహేనో తేదీనే కోర్టువాళ్లు వచ్చి పేజీకో సంతకం పెట్టి, లెక్క రాసుకుపోయారు. ఇప్పుడు వీటిని చింపినా మార్చినా పట్టుబడతారు.

ఆయన ముందు పందొమ్మిది రసీదులు వరసగా పరిచాడు. జేబులోంచి ఆ రెండేళ్ల క్యాలెండర్లు తీశాడు. ఈ పందొమ్మిది నెలల్లో పదమూడో తేదీ శుక్రవారం పడింది నాలుగుసార్లు. మొదటిది ఫిబ్రవరిలో, మొదటి చీటీకే. పాట పాడింది జలదంకి నారాయణయ్య. ఆయన నిజంగా ఉన్న మనిషే, డిటెక్టివు నిన్న మాట్లాడి వచ్చాడు. ఆయనకు డబ్బు ఇచ్చిన తేదీ పద్నాలుగు, శనివారం.

"పాట పదమూడున అయితే డబ్బు పద్నాలుగున ఎందుకిచ్చినారు సార్?" అన్నాడు ప్రేమానందం, తల తిప్పకుండా.

"వాళ్ల ఇంటి ఆచారం. ఇప్పుడే విన్నారు గదా."

"విన్నాను. మంచి ఆచారం. మిగతా మూడు శుక్రవారాలు చూడండి. మరుసటి నెల మార్చి, ఆ ఏడే నవంబరు, మొన్న ఆగస్టు. మూడూ పదమూడునే ఇచ్చినట్టు రాసుంది. శుక్రవారం నాడే. మూడూ మర్రిపాడు పక్క ఆడవాళ్లకే."

వకీలు గడప మీంచి ముందుకు వంగి తేదీలు చూశాడు.

"నిజంగా డబ్బు పోయే రోజు శెట్టిగారికి లక్ష్మి గుర్తొచ్చింది. కాగితం మీద మాత్రమే పోయే రోజు గుర్తు రాలా. పెట్టెలోంచి ఏమీ పోవడం లేదు గదా, భయమెందుకు?"

మర్రిపాడు పేర్లు మొత్తం ఆరు. పోలేరమ్మ అని ఒకామె, ఇంకా అయిదుగురు. ఆరుగురూ గొర్రెలు మేపుకునేవాళ్ల ఇళ్ల ఆడవాళ్లని రాసి ఉంది. ఆరు చీటీలు వాళ్లే పాడుకున్నారు. ప్రేమానందం గురువారం మర్రిపాడంతా తిరిగాడు. ఆ పేర్లతో, ఆ ఇంటిపేర్లతో అక్కడ ఎవరూ లేరు.

మల్లికార్జునం ఈసారి తీరిగ్గా నవ్వాడు. గొర్రెలవాళ్లు ఒకచోట ఉంటారా అని అడిగాడు. మందను తోలుకుని ఏ కొండ పక్కకు పోయారో, ఎవరి చేలో మంద కట్టారో, ఎప్పుడు తిరిగి వస్తారో ఆ దేవుడికే తెలియాలన్నాడు. లేరని మీరంటారు, పోయారని నేనంటాను, మేజిస్ట్రేటు ఎవరి మాట వినాలి అన్నాడు. ఆ తర్వాత గొంతు తగ్గించి మాట్లాడాడు.

"నాకూ మీకూ తెలిసిందే చెప్తున్నా. చీటీ ఆగిపోతే అది బాకీ. బాకీకి దావా వేసుకోవాలి, పదేళ్లు తిరగాలి. మోసం అని శిక్ష వేయించాలంటే మొదటి రోజునే మోసం చేసే బుద్ధి ఉండాదని చూపించాలి. మధ్యలో నష్టమొస్తే మోసం కాదు. మొదటి రోజున శెట్టి మనసులో ఏముందో మీ భూతద్దంలో కనిపిస్తాదా?"

"కనిపించింది" అన్నాడు ప్రేమానందం.

ఆయన పద్మావతిని లాంతరు దగ్గరికి తెమ్మన్నాడు. నారాయణయ్య రసీదు ఒకటి, పోలేరమ్మ రసీదు ఒకటి పక్కపక్కన పెట్టాడు. నారాయణయ్యదీ వేలిముద్రే. ఆ ముద్ర సిరా అక్షరాల మీదికి పాకి ఉంది. ముందు రాసి, తర్వాత వేలు వేయిస్తే అలాగే ఉంటుంది. పోలేరమ్మ రసీదులో అది తలకిందులు. కలం గీతే ముద్ర మీదుగా పోయింది. ఖాళీ కాగితం మీద ముందు ముద్ర వేయించి, నెలలు గడిచాక పైన పేరూ, మొత్తమూ, తేదీ రాసుకున్నారన్నమాట. ఆరు రసీదుల్లోనూ అదే తీరు. ఆ ఆరు పేర్లూ చీటీ మొదలైన రోజు రాసిన సభ్యుల జాబితాలో కూడా ఉన్నాయి. అక్కడ కూడా పేర్ల పక్కన ఆరు ముద్రలు.

భూతద్దం జాబితా మీదికి వంగింది.

"చూడమ్మా" అన్నాడాయన. వకీలుతో చెప్పాల్సినది పద్మావతితో చెప్పాడు. "ఆరు పేర్లు. ఆరుకూ ఒకటే వేలు. ఎడమ బొటనవేలు. తాళ్లు పేని, కంప కొట్టి, పాలు పితికే ఆడమనిషి వేలయితే పగుళ్లుంటాయి, గీతలు అరిగి ఉంటాయి. ఇది నునుపుగా ఉండాది. చిన్నది. పన్నెండు పదమూడేళ్ల పిల్లది. ఇదిగో, వేలి మధ్యన అడ్డంగా తెల్లటి గీత. ఏదో తెగి మానిన మచ్చ."

పద్మావతి ఎడమచెయ్యి ఓణీ కొంగులోకి పోయింది. పిడికిలి బిగుసుకుంది. పిడికిలి లోపల బొటనవేలి మధ్యన అడకత్తెర తెగిన మచ్చ తగిలింది. ఈ ఇంటికి వచ్చిన మొదటి నెలలోనే, అవ్వకు వక్కలు కత్తిరించబోయి తెగింది.

ఆ రోజు ఇప్పుడే జరుగుతున్నట్టు కళ్ల ముందుకు వచ్చింది. పెద్దమ్మ బూందీ దూస్తోంది. మరునాడు మొదటి పాటకు వచ్చేవాళ్లకు లడ్లు. పెదనాయన ఈ గదిలోకే పిలిచాడు. మీ నాయన ఇల్లు నీ పేరు మీదికి మార్పిస్తున్నానమ్మా, ఇక్కడ వేలు వెయ్యి, అన్నాడు. నేను సంతకం పెడతాను పెదనాయనా, నాకు వచ్చు, అంది. మైనరు సంతకం చెల్లదమ్మా, వేలిముద్రే చెల్లుతుంది అన్నాడు. పెద్ద కాగితం మీద పైనుంచి కిందికి ఆరు. ఆ తర్వాత చిన్న ఖాళీ కాగితాలు ఒక్కొక్కటే. లెక్కపెట్టలేదు. వేలికి అంటిన సిరా ఆయనే గుడ్డతో తుడిచాడు. ఒక లడ్డు ముందుగా ఇప్పించాడు. ఆ రాత్రి నాయన ఇల్లు తనకు వస్తుందని ఆమె ఎంతసేపో నిద్రపోలేదు.

చదువుకున్న పిల్ల. సంతకం చేసే పిల్ల. ఆ పిల్ల వేలిముద్ర ఎవరూ అడగరు.

"లాంతరు ఊగుతాండాదమ్మా" అన్నాడు ప్రేమానందం మెల్లిగా.

ఆమె నోరు తెరిచింది. గడప మీద వకీలు ఉన్నాడు. వకీలు వెనక, ఎప్పుడు వచ్చాడో, పెదనాయన ఉన్నాడు. ఆయన కాగితాల వంక చూడటం లేదు. పద్మావతి ఓణీ కొంగు వంక చూస్తున్నాడు.

డిటెక్టివు కాగితాలు మళ్లీ కట్ట కట్టాడు. సోమవారం కోర్టులో ఈ ఇంటి ఆడవాళ్ల అందరి వేలిముద్రలూ తీయించమని అడుగుతానన్నాడు. వేలు దొరికితే, దాన్ని ఎప్పుడు వేయించారో ఆ మనిషే చెప్తే, మొదటి రోజు బుద్ధి ఏమిటో మేజిస్ట్రేటుకు నేను చెప్పే పని ఉండదన్నాడు.

"దొరికితే గదా" అన్నాడు మల్లికార్జునం. "పన్నెండేళ్లు వేళ్లు లెక్కబెట్టుకుని బతికినారు. ఇంకో రెండు రోజులు లెక్కబెట్టుకోండి."

"సోమవారం దాకా బస్టాండు పక్క సత్రంలోనే ఉంటాను సార్." ఆ మాట ఆయన వకీలుతో అన్నాడు గానీ, అవసరమైన దానికన్నా గట్టిగా అన్నాడు. "ఎవరైనా రావచ్చు. ఏ వేళయినా సరే."

ఆయన పోయేటప్పుడు మూడూ నలభై. అరుగు మీద రాఘవమ్మ లేచి నిలబడింది. ఆయన ఏం చెప్పాడో పద్మావతికి వినపడలేదు. రాఘవమ్మ తల ఊపి, మళ్లీ అక్కడే కూర్చుంది.

వకీలు నాలుగున్నర బస్సు అందుకోవాలి. చెప్పులు వేసుకుంటూ శెట్టితో మాట్లాడాడు. పద్మావతి నడవలో ఖాళీ గ్లాసులు తీస్తోంది. తనను ఎవరూ లెక్కచేయలేదనుకుంది.

"కాగితాలను ఏం చేయలేం. కోర్టు లెక్కలో ఉండాయి. ఇక వేలు ఒక్కటే. వేలు కలిస్తే మీరు పోతారు, కలవకపోతే కామయ్య పోతాడు. మధ్యలో ఇంకేమీ లేదు."

"ఆ వేలు..." అని శెట్టి మొదలుపెట్టాడు.

"వద్దు. ఎవరిదో నాకు చెప్పొద్దు. తెలిస్తే నేను వాదించలేను."

ఆయన వెళ్లిపోయాడు. శెట్టి వీధి తలుపు వేసి, గడియ పెట్టి, వంటింట్లోకి పోయాడు. అక్కడ పెద్దమ్మతో ఏదో అన్నాడు. పెద్దమ్మ వద్దన్నట్టుంది. ఆయన మళ్లీ అదే మాట అన్నాడు. ఆ తర్వాత పెద్దమ్మ గొంతు వినిపించలేదు.

పద్మావతి అవ్వ మంచం దగ్గరికి పోయింది. ఈ ఇంట్లో పెదనాయనను ఏరా అనగలిగిన మనిషి అవ్వ ఒక్కతే. మామ చచ్చిన రోజున కూడా పెట్టె తెరవనివ్వని ఇంటి మనిషి. మాటలు ఒక్కొక్కటే కూడగట్టుకుని చెప్పింది.

"అవ్వా, ఆ ముద్ర నాది."

నాగేశ్వరమ్మ నమలడం ఆపింది. చెయ్యి చాపింది. మనవరాలి ఎడమచెయ్యి తీసుకుని, బొటనవేలిని తన బొటనవేలితో తడిమి చూసింది. ఆమె కళ్లకు చూపు తక్కువ. మచ్చ చేతికి తెలిసింది.

"ఎవరికన్నా చెప్పినావా?"

"లేదవ్వా. సత్రం దాకా పోయి చెప్పొస్తాను. తోడుకు రాఘవమ్మత్త ఉండాది. సోమవారం కామయ్య మామను..."

"ఉండు" అన్నది అవ్వ. కర్ర తీసుకుని లేచి, కొడుకు దగ్గరికి పోయింది. నడవలో ఇద్దరూ నిలబడ్డారు. అవ్వ ఒకే ప్రశ్న అడిగింది. పెదనాయన తల వంచుకున్నాడు. ఆ తర్వాత ఆయన చాలాసేపు చెప్పాడు. జైలు అనే మాట రెండుసార్లు వినిపించింది. తిట్టడం మాత్రం వినిపించలేదు. ఇప్పుడు తిడుతుంది, ఇప్పుడు తిడుతుంది అని పద్మావతి ఎదురుచూసింది.

అవ్వ తిరిగి వచ్చింది. ముఖం పొడిగా ఉంది.

"రా" అని మణికట్టు పట్టుకుంది.

ఆ పట్టు గట్టిగా ఉంది. వీధి తలుపు వైపు పోతామనుకుంది పద్మావతి. తలుపు తీస్తే అరుగు మీద రాఘవమ్మ ఉంటుంది. మొదటి మాట ఏం చెప్పాలో అప్పుడే మనసులో కూర్చుకుంటోంది. అవ్వ అటు తిరగలేదు. వెనక్కి తిరిగింది.

వంటిల్లు దాటుతుంటే లోపలికి చూపు పోయింది. వంట వేళ కాదు. పొయ్యి మీద గిన్నె లేదు, పెనం లేదు. పొయ్యి మాత్రం నిండుగా మండుతోంది. నిప్పుల్లో అట్లకాడ పెట్టి ఉంది. దాని కొస ఎర్రబడుతోంది. పెద్దమ్మ గోడ వైపు తిరిగి కూర్చుంది. పద్మావతి అడుగు ఆగిన చప్పుడు విని కూడా తిరిగి చూడలేదు.

"అవ్వా" అంది పద్మావతి.

అవ్వ ఆగలేదు. కొట్టుగది గడప దాటించి, బెల్లం బుట్ట పక్కన కూర్చోబెట్టింది. లాంతరు ఇప్పుడు లేదు.

"కామయ్య మామ ఏమీ చేయలేదవ్వా."

"తెలుసు."

ముసలామె గడప అవతలికి అడుగు వేసి, తలుపు మీద చెయ్యి పెట్టి, వెలుతురుకు అడ్డంగా నిలబడింది. ఎప్పుడూ తలకు నూనె రాసేటప్పుడు మాట్లాడే గొంతుతోనే మాట్లాడింది.

"ఎడమచెయ్యే గదమ్మా. అన్నం తినే చెయ్యి కాదు. రెండు దినాలు మండుతాది, అంతే."

తలుపు మూసింది.